పదో లెక్క

శుక్రవారం పొద్దున్నే లెక్కల టీచరమ్మ భోజనాల బల్ల దగ్గర కూర్చుందంటే ఆ ఇంట్లో గట్టిగా దగ్గడం కూడా నేరమే. వారం వారం పరీక్షపత్రం తయారయ్యేది అప్పుడే. బడి నుంచి రిటైరై మూడేళ్ళయినా ఆ అలవాటు మాత్రం రిటైరవలేదు. సాయంత్రం ఐదింటికి తొమ్మిదో తరగతి పిల్లలు పద్నాలుగు మంది ముందుగదిలో బెంచీల మీద ఇరుక్కుని కూర్చుంటారు. వాళ్ళకి పది లెక్కలు, గంట సమయం.

ఈ వారం కారణాంకాలు. ఆవిడకి మహా ఇష్టమైన పాఠం. x² + 9x + 14 లాంటి మూడు పదాల వరసనిచ్చి, ఏ రెండు బ్రాకెట్లని గుణిస్తే అది వచ్చిందో కనిపెట్టమనడం. గుణిస్తే చివరి పద్నాలుగు వచ్చే జతలు వెతకాలి. వాటిలో కలిపితే మధ్యనున్న తొమ్మిది వచ్చే జతని పట్టుకోవాలి. ఒకటీ పద్నాలుగూ కాదు, రెండూ ఏడూ. అంతే, (x + 2)(x + 7). ఆ జత దొరికినప్పుడు పిల్లల మొహాలు వెలగడం ముప్పై నాలుగేళ్ళు చూసినా ఆవిడకి విసుగు పుట్టలేదు.

లెక్కలు తయారుచేయడంలో ఆవిడకొక పద్ధతి ఉంది. పుస్తకాల్లోంచి ఎత్తి రాయడమంటే నామోషీ. కాగితానికి ఎడమవైపు పెన్సిలుతో ముందు జవాబు రాస్తుంది, రెండు బ్రాకెట్లు. వాటిని మనసులోనే గుణించి కుడివైపు సిరాతో ప్రశ్న రాస్తుంది. అంటే జవాబు పుట్టాకే ప్రశ్న పుడుతుందన్నమాట. అందుకే టీచరమ్మ ఇచ్చిన లెక్క రాకపోవడమన్నది ఆ వీధిలో ఎవరూ ఎరగరు. "నేను రానిది ఇవ్వను. రాలేదంటే నువ్వు సరిగ్గా ప్రయత్నించలేదు" అనే మాట ఆవిడ దగ్గర చదువుకున్న ప్రతివాళ్ళకీ కంఠతా వచ్చు. రెండో నియమం రఫ్ గురించి. రఫ్ లేకుండా జవాబొక్కటే రాసిస్తే సగం మార్కులే. "జవాబు చూస్తే మీరెక్కడికి చేరారో తెలుస్తుంది. రఫ్ చూస్తే ఎన్ని తిప్పలు పడ్డారో తెలుస్తుంది. నాకు రెండూ కావాలి" అంటుంది.

బల్లకి అవతలివైపు ఆవిడ భర్త టీ కలుపుకుంటున్నాడు. నలభై ఏళ్ళుగా కళ్ళజోళ్ళ దుకాణం నడుపుతున్న మనిషి. మాట తక్కువ, వేళాకోళం ఎక్కువ.

"టీచరుగారూ, నా టీలో పంచదార ధనమా, ఋణమా?" అన్నాడు గొంతు తగ్గించి.

"సున్నా," అంది ఆవిడ తలెత్తకుండా. "మొన్న టెస్టులో షుగరెంతుందో గుర్తుందిగా. మాట్లాడకుండా తాగండి."

తొమ్మిది లెక్కలు అయ్యాయి. పదోదానికి ఎడమవైపు (x + 3)(x − 8) అని పెన్సిలుతో రాసుకుంది. కుడివైపు x² − 5x దాకా సిరాతో రాసింది. అప్పుడు మోగింది కాలింగ్ బెల్లు.

తలుపు తీస్తే గుమ్మంలో కూతురు. రెండు గంటల బస్సు ప్రయాణం చేసి, తెల్లారేసరికి వచ్చి నిలబడింది. ఒక చేతిలో పెద్ద సంచీ, ఇంకో చేతిలో తలగడ. నాలుగు రోజులుండి పోయేవాళ్ళెవరూ తలగడ తెచ్చుకోరు.

"ఓహో, మా పిచ్చుక వచ్చిందే!" అంటూ తండ్రి లేచి సంచీ అందుకున్నాడు. చిన్నప్పటి నుంచీ ఆయనకి కూతురు పిచ్చుకే.

"ఫోనైనా చేయకుండా ఇదేంటే? అల్లుడుగారేరీ?" అంది తల్లి.

"డ్యూటీకి వెళ్ళారు. చెప్పే వచ్చాను."

"ఎన్ని రోజులుంటావు?"

కూతురు చెప్పులు విప్పి గోడ వారగా జాగ్రత్తగా పెట్టింది. "ఉండిపోదామనే వచ్చానమ్మా," అంది.

టీచరమ్మ ఇంకేమీ అడగలేదు. అడిగితే జవాబు వినాల్సి వస్తుందని భయం. మళ్ళీ వచ్చి బల్ల దగ్గర కూర్చుంది. పదో లెక్కకి మిగిలిన గుర్తూ సంఖ్యా రాసేసి, ఎడమవైపు సగం కత్తిరించి దాచుకుని, కుడివైపు సగం భర్త చేతికిచ్చింది. "దుకాణం పక్కన పద్నాలుగు కాపీలు తీయించండి," అంది. ఆయన కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు.

*

పెళ్ళయిన నాలుగేళ్ళలో కూతురు ఇలా రావడం ఇది నాలుగోసారి. ముందు మూడుసార్లూ తల్లి రెండు రోజులు ఉంచుకుని, మంచీ చెడ్డా చెప్పి, బస్సెక్కించింది. అల్లుడు మంచినీళ్ళ ప్లాంటులో షిఫ్టు ఇంజనీరు. నెమ్మదస్తుడు. సిగరెట్టు లేదు, తాగుడు లేదు. కూతురు రక్తపరీక్షల ల్యాబులో పని చేస్తుంది. ఇద్దరికీ ఉద్యోగాలున్నాయి, ఆరోగ్యాలున్నాయి. ఏ లోటూ లేని కాపురంలో వచ్చిన తంటా ఏమిటో టీచరమ్మ బుర్రకి ఎంతకీ తట్టలేదు. తట్టనిదాన్ని ఆవిడ ఒప్పుకునే రకం కాదు. మధ్యాహ్నం కూతురు స్నానానికి వెళ్ళినప్పుడు అల్లుడికి ఫోన్ చేసింది. "ఆదివారం పదకొండింటికి రండి బాబూ. నేను నచ్చచెప్పి పంపిస్తాను," అంది. "సరే అత్తయ్యగారూ, మీరెలా అంటే అలాగే," అన్నాడతను.

సాయంత్రం పరీక్ష మొదలైంది. పద్నాలుగు తలలూ కాగితాల మీదికి వంగాయి. వాళ్ళలో అందరికంటే చురుకైనది రెండు జడల పిల్ల. గంట పరీక్షని అరగంటలో ముగించి కిటికీలోంచి వీధి చూస్తూ కూర్చునే ఘటం. ఆవేళ మాత్రం గంట దాటిపోతున్నా కలం కింద పెట్టలేదు. కాగితాలు అడిగింది, ఇంకా అడిగింది.

"టీచర్, పదో లెక్క..." అంది చివరికి, లేచి నిలబడి.

టీచరమ్మ మనసంతా కూతురి మీద ఉంది. "పదో లెక్కకేమైంది? నేను రానిది ఇవ్వనని తెలుసుగా. కూర్చుని ఇంకోసారి ప్రయత్నించు."

వంటింట్లో గ్లాసులు కడుగుతున్న చప్పుడు ఠక్కున ఆగింది. ఆ మాట కూతురు కూడా వింది. కాసేపటికి గ్లాసుల చప్పుడు మళ్ళీ మొదలైంది.

*

శనివారం మధ్యాహ్నం భోజనాల దగ్గర టీచరమ్మ విషయం బయటపెట్టింది.

"రేపు మీ ఆయన వస్తున్నారు. నేనే రమ్మన్నాను."

కూతురు తినడం ఆపింది. "నాకు చెప్పకుండానా?"

"చెబితే వద్దంటావు. అసలేం జరిగిందో చెప్పవే తల్లీ. చెయ్యి చేసుకున్నాడా?"

"లేదు."

"తిట్టాడా?"

"లేదమ్మా."

"పోనీ, ఇంకెవరైనా..."

"అబ్బే, ఆయనకా!" కూతురు నవ్వింది గానీ అది నవ్వులా లేదు. "నాతో మాట్లాడ్డానికే మాట పుట్టదు, ఇంకొకరితో కూడానా?"

"మరింకేం? పోరు నష్టం, పొందు లాభం అని ఊరికే అన్నారా? మనిషి మంచివాడు. నువ్వూ మంచిదానివే. ఇద్దరు మంచివాళ్ళకి పొత్తు కుదరకపోవడమేంటి, విడ్డూరం కాకపోతే? ఇంకాస్త ప్రయత్నించాలి."

"ఇంకాస్త అంటే ఎంతమ్మా?" కూతురి గొంతు పెరిగింది. "మొదటిసారి వచ్చినప్పుడూ ఇదే అన్నావు. రెండోసారీ ఇదే. నీ దగ్గర ఇంకో మాట లేదా?"

"లేదు. ముప్పై నాలుగేళ్ళు ఈ మాట చెప్పే వందలమంది పిల్లల్ని గట్టెక్కించాను. విసుక్కోకుండా వెతికితే ఏ లెక్కయినా వస్తుంది."

"నీ లెక్కలు వస్తాయి!" అంది కూతురు. ఒక్కసారిగా ఆమె కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "చిన్నప్పుడు ఈ బల్ల కిందే కూర్చుని బొమ్మలు వేసుకునేదాన్ని. నువ్వు పెన్సిలుతో ముందు జవాబు రాసుకోవడం నేను చూశానమ్మా. నీ లెక్కలెందుకు రావు? జవాబులోంచి కదా వాటిని చేస్తావు! మా పెళ్ళి ఎవరూ జవాబు రాసుకుని చేసింది కాదు. ఎంత వెతికినా లోపల ఏమీ లేకపోతే నేనేం చెయ్యను?"

టీచరమ్మ మొహం కందగడ్డ అయింది. జీవితమంతా నిలబెట్టుకున్న పద్ధతిని కన్న కూతురు ఇలా తీసిపారేస్తుందనుకోలేదు.

"అంటే ఇన్నేళ్ళూ నేను పిల్లల్ని మోసం చేశానంటావా?"

"అదా నేనన్నది?"

తండ్రి మెల్లిగా కల్పించుకున్నాడు. "ఏమోయ్, నా దుకాణానికి కొంతమంది వస్తారు. ఏ అద్దం పెట్టినా అక్షరం కనబడదు. ఇదా అంటే కాదంటారు, అదా అంటే కాదంటారు. తప్పు అద్దానిది కాదు, ఆ మనిషిదీ కాదు. అలాంటప్పుడు ఇంకో అద్దం, ఇంకో అద్దం అని కూర్చోబెడితే వాళ్ళకి తలనొప్పి తప్ప ఒరిగేదేమీ ఉండదు."

"మీ దుకాణం కబుర్లు దుకాణంలో చెప్పుకోండి. అసలు మీరు దాన్ని నెత్తినెక్కించుకోబట్టే ఇంతదాకా వచ్చింది."

ఆయన మజ్జిగ గ్లాసు అందుకున్నాడు. కూతురు పళ్ళేలు తీసి ఒకదాని మీద ఒకటి పెట్టింది. కళ్ళు తుడుచుకుంది. మళ్ళీ మాట్లాడినప్పుడు గొంతులో కోపం లేదు. టీచరమ్మని భయపెట్టింది అదే.

"నువ్వు వెళ్ళమంటే వెళ్తానమ్మా. నీ మాట ఎప్పుడు కాదన్నాను గనక? కానీ ఇకమీదట నీకేమీ చెప్పను. ఎలా ఉన్నావే అని ఫోన్లో అడుగుతావు కదా, బాగున్నానమ్మా అంటాను. ఎప్పుడడిగినా అదే అంటాను. నీక్కావలసిన జవాబు నీకొస్తుంది."

"పిచ్చి మాటలు మాట్లాడకు. రేపు బయల్దేరు," అంది టీచరమ్మ.

*

ఆదివారం తొమ్మిదింటికే సంచీ వీధి గుమ్మం పక్కకి వచ్చేసింది. దాని మీద తలగడ, తాడుతో కట్టి. కూతురు వెనక వసారాలో కూర్చుని తండ్రి చొక్కాకి ఊడిన గుండీ కుడుతోంది. తండ్రి పేపరు ముందు పెట్టుకున్నాడు గానీ పేజీ తిప్పడం లేదు. టీచరమ్మకి ఆ సంచీ వైపు చూడాలనిపించలేదు. పరీక్ష కాగితాల కట్ట విప్పి, పెన్సిలు జవాబుల చీటీ పక్కన పెట్టుకుని, ఎర్ర కలం తీసింది.

దిద్దడం ఆవిడ చేతికి అలవాటైన పని. ప్రశ్న చూడదు. ముందు చీటీలో జవాబు, కాగితంలో జవాబు సరిపోయాయా లేదా చూస్తుంది, రఫ్ సంగతి ఆ తర్వాత. పదో లెక్కకి ఆరుగురు (x + 3)(x − 8) అని రాశారు. ఆరుగురికీ టిక్కు పెట్టింది. కొందరు వదిలేశారు, కొందరు ఏదో గిలికారు. వాళ్ళకి సున్నా. అట్టడుగున రెండు జడల పిల్ల కాగితం. తొమ్మిది లెక్కలూ ముత్యాల్లా చేసింది. పదోదానికి జవాబు చోట ఖాళీ. టీచరమ్మ ఆశ్చర్యపోతూ అక్కడా సున్నా చుట్టింది. దానికి కుట్టిన రఫ్ కాగితాలు నాలుగు.

రఫ్ చూడకుండా పక్కన పెట్టడం ఆవిడ నియమంలో లేదు. మొదటి కాగితంలో ఇరవై నాలుగుని ఇచ్చే జతలు వరసగా ఉన్నాయి. ఒకటీ ఇరవై నాలుగూ, రెండూ పన్నెండూ, మూడూ ఎనిమిదీ, నాలుగూ ఆరూ. కలిపితే ఇరవై అయిదు, పద్నాలుగు, పదకొండు, పది. అయిదు ఎక్కడా లేదు. రెండో కాగితంలో అన్నిటికీ ఋణ గుర్తులు పెట్టి మళ్ళీ మొదలు. మూడో కాగితంలో ఒకటి ధనం, ఒకటి ఋణం. అక్కడ (x + 3)(x − 8) కూడా ఉంది. పక్కన చిన్న అక్షరాలతో, "మధ్యది వచ్చింది, చివరిది రాలేదు" అని రాసి కొట్టేసింది. నాలుగో కాగితంలో మొదటి కాగితంలోవే మళ్ళీ. అక్షరాలు వంకర్లు పోయాయి. అట్టడుగున ఒక వాక్యం: "టీచర్, మీరు ఇచ్చారు కాబట్టి ఇది వస్తుంది. నాకే రావడం లేదు. తప్పు నాదే. క్షమించండి."

చివరిది రాలేదా? ఎందుకు రాదు? టీచరమ్మ అప్పుడు తీసింది ప్రశ్నపత్రం, కాపీలు వచ్చాక మొట్టమొదటిసారి. x² − 5x + 24 అని ఉంది. తన చేతిరాతే. ఋణం ఉండాల్సిన చోట ధనం. బెల్లు మోగి, తలగడతో వచ్చిన కూతుర్ని చూసి, మళ్ళీ వచ్చి కూర్చుని రాసిన గుర్తు అది.

ఆ లెక్కకి కారణాంకాలు లేవు. ఆ పిల్ల కాదు కదా, పిల్లకి పాఠం చెప్పిన తను కూర్చున్నా రావు.

ఆవిడ ఎర్ర కలం కింద పెట్టేసింది. టిక్కులు పెట్టిన ఆరు కాగితాలు గుర్తొచ్చాయి. ఆ ఆరుగురికీ లెక్క వచ్చిందా? రాలేదు. మూడూ ఎనిమిదీతో మధ్యనున్న అయిదు వచ్చింది, టీచరుకి కావలసింది ఇదేలే అని రాసిచ్చేశారు. తను పూర్తి మార్కులు వేసింది. నిజం రాసిన ఒక్కదానికి సున్నా చుట్టింది. 'నీక్కావలసిన జవాబు నీకొస్తుంది' అని నిన్న విన్న మాట చెవుల్లో గింగురుమంది. టీచరమ్మ కాగితాలు పక్కకి తోసేసింది.

"ఏమైందోయ్?" అన్నాడు భర్త.

ఆవిడ జవాబిచ్చేలోపే గేటు చప్పుడైంది. రెండు జడల పిల్ల. ఆవేళ జడలు కూడా సరిగ్గా లేవు, కళ్ళు ఉబ్బిపోయి ఉన్నాయి. చేతిలో కొత్త నోటుబుక్కు, సగం నిండిపోయింది.

"టీచర్, నిన్నంతా చేశాను. ఇంకా రాలేదు," అంది గుమ్మం బయటే నిలబడి. "అమ్మ తిట్టింది, భోజనానికి కూడా లేవట్లేదని. టీచర్, నాకు బుర్ర తగ్గిపోతోందా? ఇంటర్లో నేను లెక్కలు తీసుకోకూడదేమో."

టీచరమ్మ లేచి వెళ్ళి ఆ పిల్ల చెయ్యి పట్టుకుని లోపలికి తెచ్చింది. తన కుర్చీలో కూర్చోబెట్టింది. వసారాలోంచి కూతురు, సూదీ దారంతోనే, వచ్చి తలుపు దగ్గర నిలబడింది.

"ఆ లెక్క రాదమ్మా," అంది టీచరమ్మ.

"నాకు రాదనా?"

"ఎవరికీ రాదు. గుర్తు నేను తప్పు రాశాను. తప్పు నాది. నీది కాదు, ఒక్క రవ్వ కూడా నీది కాదు."

పిల్ల నోరు తెరుచుకుని చూసింది. టీచరు తప్పు చేయడం ఆ పిల్ల బుర్రలోకి ఎక్కడానికి కొంచెం సమయం పట్టింది. తర్వాత చిన్నగా అడిగింది: "మరి మీరు ప్రయత్నించమన్నారు కదా టీచర్?"

"అన్నాను. లెక్క వైపు చూడకుండా అన్నాను. నువ్వు లేచి నిలబడి అడిగినప్పుడు నీ కాగితమైనా చూడాల్సింది. చూడలేదు."

"అయితే ఎంతదాకా ప్రయత్నించాలి టీచర్? ఆపొచ్చని ఎలా తెలుస్తుంది?"

"ఉన్న జతలన్నీ చూశావు. గుర్తులు మార్చి చూశావు. ఇంకేమీ మిగల్లేదు. అక్కడితో ఆపి, దీనికి కారణాంకాలు లేవు అని రాయాలి. అదీ జవాబే. పూర్తి మార్కుల జవాబు."

"మీరెప్పుడూ చెప్పలేదు."

"చెప్పలేదు. నాకే తెలియనట్టు బతికాను," అంది టీచరమ్మ. ఎర్ర కలం తీసి, ఆ పిల్ల కాగితం మీద సున్నాని కొట్టేసి, పక్కన పది వేసింది. పిల్ల ఆ పది వైపు చూసి బావురుమంది. టీచరమ్మ దాని తల నిమురుతూ తలెత్తి చూస్తే, తలుపు దగ్గర కూతురు కూడా ఏడుస్తోంది. చప్పుడు లేకుండా, చొక్కా గుండెలకి అదుముకుని. నాలుగేళ్ళుగా ఇలాగే ఏడ్చి ఉంటుందని తల్లికి అప్పుడు తెలిసింది.

*

అల్లుడు సరిగ్గా పదకొండింటికి వచ్చాడు. అప్పటికి పిల్ల వెళ్ళిపోయింది. అతను కుర్చీ అంచున కూర్చుని మంచినీళ్ళు తాగాడు. గుమ్మం దగ్గర సంచీ చూశాడు, తల దించుకున్నాడు.

"బాబూ, మిమ్మల్నొక మాట అడుగుతాను. నా కోసం కాకుండా నిజం చెప్పండి," అంది టీచరమ్మ. "మీరు దీన్ని తీసుకెళ్ళాలనే వచ్చారా?"

అతను గ్లాసు కింద పెట్టాడు. "మీరు రమ్మన్నారని వచ్చాను అత్తయ్యగారూ," అన్నాడు. "నాకు తెలిసినవన్నీ చేశాను. తనూ చేసింది. తనలో ఏ లోపమూ లేదు. రోజూ సాయంత్రం ఓ అరగంట టీవీ కట్టేసి కూర్చుని మాట్లాడుకోవాలని ఒప్పందం పెట్టుకున్నాం. ఆ అరగంట నాకు పరీక్షహాల్లో కూర్చున్నట్టుండేది. అరగంట అయిపోయిందని లేచేటప్పుడు తన మొహం చూడలేకపోయేవాణ్ణి." అతను భార్య వైపు ఒకసారి చూశాడు. "ఇంకో ఏడాది ప్రయత్నించమంటే ప్రయత్నిస్తాను. కానీ తను చిక్కి సగమైపోతోంది. అది చూడలేకపోతున్నాను."

టీచరమ్మ భర్త వైపు, కూతురి వైపు చూసింది.

"వద్దు బాబూ. ఇద్దరూ కావలసినదానికంటే ఎక్కువే ప్రయత్నించారు. నేనే కళ్ళు మూసుకుని మూడుసార్లు వెనక్కి పంపాను. ఇక పంపను. నా మీద కోపం పెట్టుకోకండి."

అతను తలూపాడు. కళ్ళజోడు తీసి తుడుచుకోబోతే మామగారు చెయ్యి చాపాడు. "ఇలా ఇవ్వు నాయనా. పక్క స్క్రూ వదులైంది, ఊడి పడిపోతుంది." జేబులోంచి చిన్న స్క్రూడ్రైవరు తీసి, కిటికీ వెలుతురులో నింపాదిగా బిగించాడు. అల్లుడు నిదానంగా కళ్ళు తుడుచుకోవడానికి ఎంతసేపు పడుతుందో అంతసేపూ బిగించాడు. తర్వాత తనే అతన్ని బస్సు దాకా దిగబెడతానని చెప్పులేసుకున్నాడు. వెళ్ళేముందు అల్లుడు కూతురి దగ్గర ఆగాడు. "జాగ్రత్త," అన్నాడు. "మీరు కూడా. డ్యూటీలో వేళకి తినడం మర్చిపోకండి," అంది కూతురు. నాలుగేళ్ళ కాపురంలో ఒకరి మీద ఒకరికి మిగిలిన ప్రేమ అంతా ఆ రెండు మాటల్లోనే అయిపోయింది.

తలుపు వేశాక టీచరమ్మ సంచీ దగ్గరికి వెళ్ళింది. తాడు ముడి గట్టిగా పడింది, గోళ్ళతో విప్పడానికి కొంచెం కష్టపడింది. తలగడ తీసుకెళ్ళి లోపలి గదిలో కూతురి పాత మంచం మీద పెట్టింది. తిరిగి వచ్చి బల్ల దగ్గర, కూతురి పక్క కుర్చీలో కూర్చుంది.

"ఊరందరి పిల్లల్నీ రఫ్ చూపించమని అడిగాను," అంది. "నిన్నొక్కదాన్నే అడగలేదు. జవాబే కావాలన్నాను. నన్ను క్షమించవే తల్లీ."

"అమ్మా, వద్దు..."

"ఉండు. ఇప్పుడు అడుగుతున్నాను. మొదటి నుంచీ చెప్పు. ఏమేం చేశావో, ఏది ఎందుకు రాలేదో, అన్నీ."

కూతురు కాసేపు సూదికి దారం ఎక్కిస్తున్నట్టు చేతుల్లోకి చూసుకుంది. తర్వాత మొదలుపెట్టింది. రెండుసార్లు ఇల్లు మారడం. అతని షిఫ్టుకి సరిపోయేలా తను ల్యాబులో షిఫ్టు మార్చుకోవడం. తన కోసం అతను సాయంత్రాలు చదరంగం మానేసి కిటికీ దగ్గర నిలబడిపోవడం. కొండల మీదికి వెళ్ళి మూడు రోజులు వాన చూసి రావడం. ఎనిమిది వారాలు ఎవరో కౌన్సెలింగావిడ ముందు కూర్చోవడం.

"పోయిన చలికాలం నాకు వారం రోజులు జ్వరమొచ్చిందమ్మా. నీకు చెప్పలేదు. మంచం పక్కనే కుర్చీ వేసుకుని కూర్చున్నారు. తడిగుడ్డ వేశారు, మందులిచ్చారు. ఎంత బాగా చూసుకున్నారో! జ్వరం తగ్గగానే లేచి తన గదిలోకి వెళ్ళిపోయారు. ఆ రోజు నాకు జ్వరం తగ్గకపోతే బాగుండేది అనిపించింది. అలా అనిపించిందని నీకెలా చెప్పను?"

టీచరమ్మ కళ్ళ నీళ్ళు బల్ల మీద, పరీక్ష కాగితాల మీద పడ్డాయి. ఎర్ర సిరా అలుక్కుపోయింది. ఆవిడ తుడవలేదు. కూతురి చెయ్యి పట్టుకుని, మధ్యలో ఒక్క సలహా చెప్పకుండా, ఒక్కసారీ 'మరి అలా చేసి చూడాల్సింది' అనకుండా విన్నది. ముప్పై నాలుగేళ్ళ అలవాటు కదా, రెండుసార్లు ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది. రెండుసార్లూ మింగేసింది.

"తర్వాత?" అంది.

కూతురు చెబుతూనే ఉంది. బస్సు దాకా వెళ్ళిన ఆయన తిరిగి వచ్చి, గుమ్మంలోంచి ఇద్దర్నీ చూసి, చెప్పుల చప్పుడు కాకుండా వంటింట్లోకి వెళ్ళి మూడు గ్లాసుల టీకి నీళ్ళు పెట్టాడు.